పిడుగు కబురు ఫోనుకు చేరింది, చేనుకు చేరిందా?

క్లుప్తంగా: పిడుగును ముందే పసిగట్టే ఏర్పాట్లు రాయలసీమకూ వచ్చేశాయి. వాతావరణ శాఖ సూచనలు, విపత్తుల నిర్వహణ సంస్థ మెసేజీలు, పిడుగులు పడినచోటు చూపించే దామిని అనే ఫోను యాప్ వీటిలో ముఖ్యమైనవి. ఒక్కోటి ఇచ్చే వ్యవధి ఒక్కో రకం. కొన్ని రోజు ముందే చెబుతాయి, కొన్ని అరగంట ముందు, మరికొన్ని పిడుగు పడ్డాక చూపిస్తాయి. పక్కా కప్పుకు ఎంత దూరంలో పనిచేస్తుంటే అంత ముందటి హెచ్చరికను పట్టుకుని నడుచుకోవాలి. ఊరికి రెండు మూడు కిలోమీటర్ల అవతల జీవాలు మేపేవారికి ఆఖరి నిమిషంలో మోగే ఫోను కంటే పొద్దున్నే చూసుకునే సూచన ఎక్కువ పనికొస్తుంది.

ఏప్రిల్, మే నెలల్లో కర్నూలు, అనంతపురం, కడప ప్రాంతాల్లో పొద్దంతా ఎండ మండిపోతుంది. మధ్యాహ్నం మూడు దాటాక ఉన్నట్టుండి మబ్బు లేస్తుంది, ఈదురుగాలి దుమ్ము లేపుతుంది. సరిగ్గా ఆ వేళకే ఫోన్లు మోగడం మొదలవుతుంది. ఫలానా మండలాల్లో పిడుగులు పడే అవకాశం ఉంది, పొలాల్లో ఉన్నవారు సురక్షిత ప్రాంతాలకు వెళ్లాలి, చెట్ల కింద నిలబడొద్దు అని ఆ మెసేజీ సారాంశం. ఒకరోజు మెసేజీ వస్తుంది గానీ ఉరుము కూడా వినిపించదు. ఇంకోరోజు ఏ మెసేజీ చూడకుండానే చేలో ప్రాణం పోతుంది. ఈ రెండూ కలిసి జనంలో ఒక అపనమ్మకాన్ని పెంచాయి. ఈ హెచ్చరికలు ఎక్కడి నుంచి వస్తాయో, ఎంతవరకు నమ్మాలో తెలియకపోవడమే దీనికి చాలావరకు కారణం.

సమస్య చిన్నది కాదు. జాతీయ నేర గణాంకాల సంస్థ లెక్కల ప్రకారం 2022లో ప్రకృతి ప్రకోపాల వల్ల దేశంలో 8,060 మంది చనిపోతే, వారిలో 2,887 మంది పిడుగుపాటుకు బలైనవారే. వరదలకు, వడదెబ్బకు దక్కే శ్రద్ధ పిడుగుకు దక్కకపోవడానికి ఒక కారణం ఉంది. వరద ఒకేసారి వందల ఇళ్లను ముంచుతుంది, ఊరంతా కదులుతుంది. పిడుగు ఒక చేలో ఒకరిని, మరో గుట్ట మీద ఇద్దరిని తీసుకుపోతుంది. జిల్లా పేజీలో నాలుగు వాక్యాల వార్తగా ముగిసిపోతుంది.

మూడు ప్రమాదాలు, మూడు వ్యవధులు

రాయలసీమలో ఆరుబయట పనిచేసేవారికి ప్రధానంగా మూడు ముప్పులు ఉన్నాయి. వడగాడ్పు, వరద, పిడుగు. మూడింటికీ హెచ్చరికలు ఒకే ఫోనుకు వస్తాయి కాబట్టి మూడూ ఒకే తీరున పనిచేస్తాయని అనిపిస్తుంది. వాటి వెనకున్న లెక్కలు మాత్రం వేర్వేరు.

వడగాడ్పును రోజుల ముందే చెప్పొచ్చు. వేడి గాలి వందల కిలోమీటర్ల మేర నెమ్మదిగా పరుచుకుంటుంది. ఏ మండలంలో తీవ్రత ఎంత ఉంటుందో విపత్తుల నిర్వహణ సంస్థ ముందు రోజే ప్రకటిస్తుంది. కూలి పనిని తెల్లవారుజాముకు మార్చుకోవడానికి ఆ వ్యవధి చాలు.

వరదకు గంటలు ఉంటాయి, అది కూడా నది పెద్దదైతేనే. 2009 అక్టోబరు 2న కర్నూలు నగరం మునిగినప్పుడు శ్రీశైలానికి 25 లక్షల క్యూసెక్కులకు పైగా నీరు వచ్చింది. కృష్ణా, తుంగభద్రల మీద ఎగువన నీటిమట్టాలను కొలిచే కేంద్రాలు ఉన్నాయి కాబట్టి నీరు ఎప్పటికి చేరుతుందో అంచనా వేసే వీలుంటుంది. చిన్న నదుల సంగతి వేరు. 2021 నవంబరు 19న చెయ్యేరు మీద అన్నమయ్య ప్రాజెక్టు మట్టికట్ట తెగినప్పుడు, అంతకుముందే ఎగువన పింఛా ప్రాజెక్టు తెగింది. రెండింటి మధ్య దూరం తక్కువ, నీటి ఉధృతి ఎక్కువ. పులపత్తూరు, మందపల్లి, తొగురుపేట వంటి నదీతీర గ్రామాల మీదికి తెల్లవారే వేళ నీళ్లు విరుచుకుపడ్డాయి. పదుల సంఖ్యలో మనుషులు చనిపోయారు. ప్రమాదాన్ని గుర్తించడానికీ, గుర్తించిన కబురు ఇంటి గడపకు చేరడానికీ మధ్య ఎంత ఎడం ఉంటుందో ఆ ఘటన చూపించింది.

పిడుగు దగ్గరికొచ్చేసరికి చేతిలో ఉండేవి నిమిషాలే. అయినా మూడింటిలో దీని సాంకేతికతే జనానికి అన్నిటికంటే తక్కువ అర్థమైంది.

సెన్సర్‌కు చిక్కేది ఏమిటి?

ఎండకు కాగిన నేల మీది గాలి పైకి లేచి, పది పన్నెండు కిలోమీటర్లు దాటి పోయే మబ్బుగా మారుతుంది. ఆ మబ్బు పైభాగంలో మంచు పలుకులు, మెత్తటి వడగళ్లు ఒకదానికొకటి రాసుకుంటూ విద్యుదావేశాన్ని పంచుకుంటాయి. తేలికైన పలుకులు ధనావేశంతో పైకి పోతాయి, బరువైనవి రుణావేశంతో కింద మిగులుతాయి. ఈ తేడా ఒక స్థాయి దాటితే మెరుపు పుడుతుంది. మొదట్లో వచ్చే మెరుపులు చాలావరకు మబ్బులోనే పుట్టి మబ్బులోనే ఆరిపోతాయి. నేలను తాకేవి తరువాత వస్తాయి. ఈ రెండింటి మధ్య తరచుగా పది నిమిషాల నుంచి అరగంట దాకా ఎడం దొరుకుతుంది. ఆ ఎడాన్ని వాడుకోగలగడమే హెచ్చరిక వ్యవస్థ అసలు బలం.

ప్రతి మెరుపూ వెలుగుతోపాటు రేడియో తరంగాలనూ వదులుతుంది. మబ్బు పట్టిన సాయంత్రం మీడియం వేవ్‌లో కడప ఆకాశవాణి పెట్టుకున్నవారికి మధ్యమధ్యలో చర్రుచర్రుమనే గరగర తెలుసు. మెరుపు సెన్సర్ వినేదీ ఆ గరగరనే. కాకపోతే అది ఏ క్షణంలో వచ్చిందో సెకనులో పది లక్షల వంతు దాకా కచ్చితంగా రాసుకుంటుంది. రేడియో తరంగం అంత తక్కువ సమయంలో దాదాపు 300 మీటర్లు పోతుంది. ఒకే గరగరను వేర్వేరు ఊళ్లలోని నాలుగైదు సెన్సర్లు వేర్వేరు క్షణాల్లో విన్నాయనుకుంటే, ఆ తేడాలను బట్టి మెరుపు ఎక్కడ పుట్టిందో లెక్క కట్టొచ్చు. పుణెలోని భారత ఉష్ణమండల వాతావరణ అధ్యయన సంస్థ దేశమంతటా ఇలాంటి సెన్సర్లు నెలకొల్పింది. దామిని యాప్ నడిచేది ఆ సమాచారంతోనే.

దామినిలో ఫోను ఉన్నచోటు మధ్యలో కనిపిస్తుంది. దాని చుట్టూ 20 కిలోమీటర్ల వలయం, 40 కిలోమీటర్ల వలయం ఉంటాయి. పిడుగులు పడినచోట గుర్తులు పడతాయి. గడిచిన ఐదు నిమిషాలవి ఒక రంగులో, పది నిమిషాలవి మరో రంగులో, పదిహేను నిమిషాలవి ఇంకో రంగులో ఉంటాయి. ఒక్క గుర్తును చూస్తే తెలిసేది తక్కువ, రంగులు ఏ దిక్కు నుంచి ఏ దిక్కుకు జరుగుతున్నాయో చూడాలి. పాత గుర్తులు వలయం అంచున, కొత్తవి మధ్యకు దగ్గరగా ఉంటే మబ్బు మీదికొస్తోందని అర్థం. మబ్బు గంటకు 40 కిలోమీటర్ల వేగంతో కదులుతోందనుకుంటే, 20 కిలోమీటర్ల వలయం దగ్గరున్నది నెత్తి మీదికి రావడానికి అరగంట పడుతుంది.

ఇక్కడే ఒక చిక్కు ఉంది. ఎండాకాలపు మబ్బులన్నీ ఎక్కడి నుంచో నడిచి రావు. కొన్ని ఉన్నచోటనే నెత్తి మీద పుట్టి, అక్కడే పెరిగి, అక్కడే పిడుగు వేస్తాయి. వాటికి వలయమూ లేదు, దిక్కూ లేదు. వలయాల్లో గుర్తులు లేవన్న ధైర్యంతో చేలో ఉండిపోయినవారికి ఇలాంటి మబ్బే ప్రాణాంతకం.

జోస్యం వేరు, గుర్తింపు వేరు

జనంలో గందరగోళం ఎక్కువగా పుడుతున్నది ఇక్కడే. హెచ్చరికలన్నింటినీ ఒకే గాటన కట్టేస్తున్నారు. నిజానికి అవి మూడు అంచెలు.

మొదటిది ముందు రోజో, పొద్దున్నో వచ్చే సూచన. ఫలానా జిల్లాలో ఉరుములు మెరుపులతో వాన పడొచ్చని అది చెబుతుంది. రెండోది వాతావరణ శాఖ మూడు గంటలకోసారి ఇచ్చే తక్షణ సూచన. పచ్చ, పసుపు, నారింజ, ఎరుపు రంగులతో తీవ్రతను చెబుతుంది. విపత్తుల నిర్వహణ సంస్థ మండలాల పేర్లతో పంపే మెసేజీలు కూడా ఈ అంచెలోనివే అనుకోవచ్చు. మూడోది ఇప్పుడే పడిన పిడుగులను చూపించే గుర్తింపు.

అంచె దిగేకొద్దీ కచ్చితత్వం పెరుగుతుంది, వ్యవధి తగ్గుతుంది. ఒక మండలం విస్తీర్ణం రెండు మూడు వందల చదరపు కిలోమీటర్లు ఉంటుంది. అందులో పిడుగులు పడే చోట్లు ఏ పదో, ఇరవయ్యో. కాబట్టి మెసేజీ వచ్చిన రోజు మండలంలోని చాలామందికి ఏమీ జరగలేదనిపించడమే సహజం. మెసేజీ తప్పయిందని దానికి అర్థం చెప్పుకోకూడదు.

పిడుగుల లెక్క ఎంత పెద్దదో చెప్పడానికి ఒక్క రోజు చాలు. 2018 ఏప్రిల్ 24న ఆంధ్రప్రదేశ్‌లో 13 గంటల వ్యవధిలో 36,749 పిడుగులు నమోదయ్యాయని రాష్ట్ర విపత్తుల నిర్వహణ అధికారులు అప్పట్లో ప్రకటించారు. ఆరోజు తొమ్మిది మంది చనిపోయారు. పిడుగులను లెక్కపెట్టగలిగిన సాంకేతికత అప్పటికే ఉంది. లెక్కపెట్టడానికీ, మనిషిని అక్కడి నుంచి కదిలించడానికీ మధ్య దూరం మిగిలే ఉందని ఆ రెండు అంకెలు చెబుతున్నాయి.

రాడార్లకు రాయలసీమ అంచునే

పెరుగుతున్న మబ్బును పిడుగు పుట్టకముందే చూడాలంటే, రేడియో కిరణాన్ని పంపి మబ్బునూ దాని కదలికనూ పసిగట్టే డాప్లర్ రాడార్ కావాలి. హైదరాబాద్, చెన్నై, శ్రీహరికోట, మచిలీపట్నంలలో రాడార్లు ఉన్నాయి. వీటిలో ఏదీ అనంతపురానికి దగ్గర కాదు. రాడార్ కిరణం తిన్నగా పోతుంటే భూమి గుండ్రంగా కిందికి వంగిపోతుంది. అందువల్ల 250 కిలోమీటర్ల దూరంలో ఆ కిరణం నేలకు దాదాపు ఆరు కిలోమీటర్ల ఎత్తున ఉంటుంది. అంటే మబ్బు నడుము నుంచి పైభాగమే కనిపిస్తుంది. మబ్బు కింద ఈదురుగాలి ఎలా లేస్తోంది, కొత్త మబ్బుకు మొలక ఎక్కడ పడుతోంది అన్నవి కనబడకుండా పోతాయి. కోస్తా జిల్లాలతో పోలిస్తే సీమకు ఈ విషయంలో వెలితి ఉంది.

ఈ వెలితిని కొంతవరకు ఉపగ్రహాలు పూడుస్తున్నాయి. భూమి నుంచి పైకి పోయే వేడిని (ఉష్ణ వికిరణాన్ని) ఇన్‌శాట్-3డి ఉపగ్రహం కొలుస్తుంది, అందులో తగ్గుదలను బట్టి పిడుగుల అవకాశాన్ని సుమారు రెండున్నర గంటల ముందే చెప్పే విధానాన్ని రూపొందించామని ఇస్రోకు చెందిన జాతీయ రిమోట్ సెన్సింగ్ కేంద్రం 2025 ఏప్రిల్‌లో ప్రకటించింది. కేంద్ర ప్రభుత్వం 2024 సెప్టెంబరులో 2,000 కోట్ల రూపాయలతో ఆమోదించిన మిషన్ మౌసమ్‌లో కొత్త రాడార్లు ఒక ముఖ్య భాగం. అందులో సీమ నడిబొడ్డున ఒక రాడార్ వస్తే ఇక్కడి తక్షణ సూచనల తీరే మారుతుంది.

వ్యవధి పెరిగితే అంతా లాభమేనా అంటే, దానికీ ఒక ఖర్చు ఉంది. రెండున్నర గంటల ముందు చెప్పే మాట పెద్ద ప్రాంతాన్ని పట్టి చెబుతుంది. అందులో ఎక్కువ ఊళ్లకు ఏమీ కాదు. నాలుగుసార్లు పని ఆపుకుని నష్టపోయిన రైతు ఐదోసారి ఆపడు. హెచ్చరికకు మనిషి ఇచ్చే విలువ కూడా వ్యవస్థలో ఒక భాగమేనని లెక్కలోకి తీసుకోవాలి.

మెసేజీ ఏ దారిన వస్తుంది?

ఎస్సెమ్మెస్ ఒక్కో నంబరుకూ విడివిడిగా పోతుంది. ఒకేసారి లక్షల నంబర్లకు పంపాల్సి వచ్చినప్పుడు వరుసలో వెనకబడినవి ఆలస్యమవుతాయి. పైగా వచ్చింది ప్రమాద హెచ్చరికో, రీఛార్జి ప్రకటనో చూడకుండా తేలదు, రెండింటికీ ఒకటే చప్పుడు.

ఇందుకు భిన్నమైనది సెల్ బ్రాడ్‌కాస్ట్. కేంద్ర ప్రభుత్వ సంస్థ సీ-డాట్ అభివృద్ధి చేసిన ఈ పద్ధతిని 2023లో దేశవ్యాప్తంగా పరీక్షించారు. ఉన్నట్టుండి ఫోన్లన్నీ ఒకేసారి గట్టిగా మోగి, తెర మీద నమూనా హెచ్చరిక కనిపించడం చాలామందికి గుర్తుండే ఉంటుంది. ఇందులో నంబర్ల జాబితా అక్కర్లేదు. ఒక టవరు పరిధిలో ఆ క్షణాన ఉన్న ఫోన్లన్నింటికీ ఒకేసారి చేరుతుంది. సొంత మండలం వదిలి మంద తోలుకుని నెలల తరబడి తిరిగే కాపరికి ఇదే సరైన పద్ధతి. అతని ఊరేదో చూడదు, అతను ఇప్పుడెక్కడ ఉన్నాడో దాన్నే చూస్తుంది.

దామినికి స్మార్ట్‌ఫోను, నెట్ బ్యాలెన్సు, లొకేషన్ మూడూ కావాలి. మీటల ఫోను పట్టుకున్న పెద్దవయసు కాపరికి అది అందదు. నల్లమల, ఎర్రమల, పాలకొండల సందుల్లో సిగ్నలే సరిగా ఉండదు కాబట్టి అక్కడ ఏ పద్ధతీ పూర్తిగా పనిచేయదు. ఊళ్లో సచివాలయానికి వచ్చిన కబురును గుడి మైకులో చెప్పించడం, చాటింపు వేయించడం పాత పద్ధతులని తీసిపారేయడానికి లేదు. మైకు మోత కిలోమీటరు అవతలి చేలలోకి వినబడుతుంది.

ఒక అపోహ ఈ మొత్తం ఏర్పాటుకే గండి కొడుతోంది. ఫోను పిడుగును లాగుతుందని భయపడి, మబ్బు పట్టగానే స్విచాఫ్ చేసేవారు ఊళ్లలో చాలామందే ఉన్నారు. చేతిలో ఉన్న ఫోను పిడుగును ఆకర్షించదు. గోడకు వైరుతో తగిలించి ఛార్జింగ్ పెట్టిన ఫోనును పట్టుకుంటేనే ప్రమాదం, అదీ కరెంటు తీగల గుండా వచ్చే ప్రమాదం. స్విచాఫ్ చేసినవారికి హెచ్చరిక వచ్చే దారి మూసుకుపోతుంది, అంతకుమించి ఒరిగేదేమీ లేదు.

పదిహేను నిమిషాల్లో ఎంత దూరం?

హెచ్చరిక విలువను నిమిషాల్లో కొలిచి ఊరుకుంటే సగమే తెలుస్తుంది. ఆ నిమిషాలను నడకగా మార్చి చూడాలి.

చేలో శెనక్కాయ కలుపు తీస్తున్న కూలీలకు పిడుగు పడడానికి పదిహేను నిమిషాల ముందు మెసేజీ వచ్చిందనుకుందాం. ఫోను గట్టు మీది సద్ది సంచిలో ఉంది. ఎవరో చూసి, చదివి, అందరికీ చెప్పేసరికి ఐదు నిమిషాలు పోయాయి. మిగిలిన పది నిమిషాల్లో, గంటకు ఐదు కిలోమీటర్ల చొప్పున నడిస్తే ఎనిమిది వందల మీటర్లు పోగలరు. ఆ దూరంలో పక్కా ఇల్లు ఉంటే హెచ్చరిక పనిచేసినట్టు. ఊరు రెండు కిలోమీటర్లుంటే, పిడుగు వేళకు వాళ్లు బయలులో నడుస్తూ ఉంటారు.

కాపరికి ఈ లెక్క ఇంకా కఠినం. మేస్తున్న మంద గంటకు రెండు మూడు కిలోమీటర్లకు మించి నడవదు. పది నిమిషాల్లో నాలుగైదు వందల మీటర్లు గగనం. మందను వదిలేసి పరుగెత్తమనడం చెప్పినంత తేలిక కాదు, అతని బతుకుదెరువంతా ఆ మందలోనే ఉంది. అందుకే అతను దగ్గర్లోని వేపచెట్టు కిందికి చేరతాడు. జీవాలూ అక్కడికే చేరి, తలలు కిందికి దించి, ఒకదాన్నొకటి ఒరుసుకుని నిలబడతాయి. ఒక్క పిడుగుకు పదుల సంఖ్యలో గొర్రెలు చనిపోయాయన్న వార్తల వెనక ఉన్నది ఈ దృశ్యమే.

చెట్టు మీద పడిన కరెంటు రెండు దారుల్లో చంపుతుంది. మాను గుండా దిగుతూ, పక్కన నిలబడిన మనిషి మీదికి దూకడం ఒకటి. నేలలోకి దిగి చుట్టూ పాకడం రెండోది. పాకే కరెంటుకు చెట్టు దగ్గర వోల్టేజి ఎక్కువ, దూరం పోయేకొద్దీ తక్కువ. రెండు కాళ్ల మధ్య ఉన్న ఎడం మేరకు ఆ తేడా ఒంట్లో కరెంటుగా పారుతుంది. మనిషి రెండు పాదాల మధ్య ఎడం తక్కువ, కరెంటు ఒక కాలిలో ఎక్కి ఇంకో కాలిలో దిగిపోయే అవకాశం ఉంటుంది. గొర్రెకు ముందు కాళ్లకూ వెనక కాళ్లకూ మధ్య ఎడం ఎక్కువ, మధ్యలో గుండె ఉంటుంది. పిడుగుపాటు మరణాల్లో పిడుగు నేరుగా ఒంటి మీద పడి చనిపోయేవారు కొద్దిమందే, పాకే కరెంటుకు, పక్కకు దూకే కరెంటుకు బలయ్యేవారే ఎక్కువ.

ఈ లెక్క నుంచి తేలే మాట ఒకటే. పక్కా కప్పు ఐదారు వందల మీటర్లలో ఉన్నవారు ఆఖరి నిమిషంలో వచ్చే హెచ్చరికను, దామినిని నమ్ముకోవచ్చు. అంతకంటే దూరం పోయేవారు మూడు గంటల సూచన చూసుకుని కదలాలి. మందతో గుట్టలకు పోయేవారు పొద్దున్నే జిల్లా సూచన చూసి, ఆరోజు ఏ దిక్కుకు తోలాలో నిర్ణయించుకోవాలి. ఎండాకాలపు పిడుగులు ఎక్కువగా మధ్యాహ్నం తరువాత, సాయంత్రం పడతాయి కాబట్టి, సూచన ఉన్న రోజు దూరపు మేత పొద్దున, ఊరి దగ్గరి మేత మధ్యాహ్నం పెట్టుకోవడం సాధ్యమైన మార్పే.

వజ్రాల చేలలో జనం

కర్నూలు, అనంతపురం జిల్లాల్లో కనిపించే ఒక పరిస్థితి ఇక్కడ ప్రస్తావించాలి. తొలకరి పడగానే తుగ్గలి, జొన్నగిరి, మద్దికెర ప్రాంతాల్లోని ఎర్రమట్టి చేలలోకి వజ్రాల కోసం జనం వస్తారు. అనంతపురం జిల్లా వజ్రకరూరులోనూ అంతే. వాన మీది మట్టిని కడిగేశాక రాళ్లు తేలతాయి కాబట్టి, వాన పడిన వెంటనే, మళ్లీ వాన రాకముందే వెతకాలి. అంటే పిడుగుల కాలంలో, పిడుగుల వేళల్లో, చెట్టు చేమ లేని బయలులో వంగి నడవాలి. వచ్చేవారిలో చాలామంది వేరే జిల్లాలవారు. దగ్గర్లో బడి ఎక్కడుందో, సచివాలయం ఎక్కడుందో వారికి తెలియదు. కళ్లు నేల మీదే ఉంటాయి కాబట్టి మబ్బు మీదికొచ్చేదాకా చూడరు. ఒకేచోట ఇంతమంది పోగయ్యే ఈ చేలలో సెల్ బ్రాడ్‌కాస్ట్ హెచ్చరికకు, చేని దారిలో ఆశ్రయం ఎటు ఉందో చూపించే ఒక బోర్డుకు దక్కే ఫలితం మరెక్కడా దక్కదు.

ఏది ఆశ్రయం, ఏది కాదు

కరెంటు వైరింగు, నీళ్ల పైపులు ఉన్న పక్కా ఇల్లు, బడి, రైతు సేవా కేంద్రం ఆశ్రయాలే. పిడుగు పడితే ఆ తీగలు, పైపుల గుండా నేలలోకి దిగిపోతుంది. అందుకే లోపల ఉన్నవారు కుళాయిని, స్విచ్చులను, ప్లగ్గులను ముట్టుకోకూడదు. కిటికీలు మూసిన కారు, ఆర్టీసీ బస్సు, లారీ క్యాబిన్ కూడా ఆశ్రయాలే. అక్కడ రక్షణ ఇచ్చేది చుట్టూ ఉన్న లోహపు గూడు, రబ్బరు టైర్లకు ఇందులో పాత్ర లేదు. కాబట్టి ఆటో, కప్పులేని ట్రాక్టరు, బైకు లెక్కలోకి రావు.

రేకుల కొట్టం, బోద కొట్టం, నాలుగు స్తంభాల గుడి మండపం వాన నుంచి కాపాడతాయి గానీ పిడుగు నుంచి కాపాడవు. బోరు దగ్గరి మోటారు కొట్టం మరీ ప్రమాదం. వాన మొదలవగానే మోటారు ఆపేద్దామని స్టార్టర్ డబ్బా దగ్గరికి పరుగెత్తడం రైతుకు అలవాటు. ట్రాన్స్‌ఫార్మర్ నుంచి స్టార్టర్ దాకా చేల మీదుగా వచ్చే తీగ ఎక్కడో పడిన పిడుగు పోటును ఆ డబ్బా దాకా మోసుకొస్తుంది. కాకర, ద్రాక్ష, టమోటా తోటల్లో పందిరికి లాగిన ఇనుప తీగలు, పందులు రాకుండా వేసిన కంచె తీగలు కూడా ఇంతే. పిడుగు తోట ఆ చివర పడినా ఈ చివర తీగ పట్టుకున్నవారికి తగులుతుంది.

ఫోను లేనివారికీ ఒక కొలత ఉంది. ఉరుము శబ్దం కిలోమీటరుకు మూడు సెకన్ల చొప్పున పోతుంది. మెరుపుకూ ఉరుముకూ మధ్య 30 సెకన్ల కంటే తక్కువ ఉంటే పిడుగు పది కిలోమీటర్ల లోపున్నట్టు, అప్పటికే ప్రమాదంలో ఉన్నట్టు. సెకన్లు లెక్కపెట్టడం అలవాటు లేనివారికి తెలిసిన లెక్క మరొకటి ఉంది. పిడుగు భయానికి మనవాళ్లు చదివే అర్జునుడి పది పేర్లు, అర్జున ఫల్గుణ పార్థ కిరీటి అని మొదలుపెట్టి ధనంజయ దాకా తీరుబడిగా చదివితే ఎనిమిది నుంచి పది సెకన్లు పడుతుంది. మెరుపు చూసి మొదలుపెట్టి, మూడుసార్లు పూర్తయ్యేలోపు ఉరుము వినబడితే కదలాల్సిన వేళ దాటుతోందన్నమాట. ఆఖరి ఉరుము విన్నాక అరగంట దాకా బయటికి రాకూడదు.

బయలులో చిక్కుబడిపోయినప్పుడు రెండు పాదాలూ దగ్గర పెట్టి, గొంతుక్కూర్చోవడం నేల కరెంటును కొంత తగ్గిస్తుంది. నేల మీద పడుకోకూడదు. గుంపుగా ఉన్నవారు ఒకరికొకరు దూరం జరగాలి. వీటిని ఆశ్రయానికి బదులుగా ఎంచకూడదు, గత్యంతరం లేనప్పుడు చేసేవి మాత్రమే. పిడుగు తగిలినవారి ఒంట్లో కరెంటు మిగిలి ఉండదు, ముట్టుకోవడానికి భయపడనక్కర్లేదు. ఊపిరి, గుండె ఆగితే వెంటనే ఛాతీ మీద గట్టిగా, వేగంగా నొక్కుతూ 108కి ఫోను చేయాలి. ఆ మొదటి నిమిషాల్లో ఇలా చేస్తే బతికే అవకాశం ఉంటుంది.

వేరేచోట్ల ఏం జరిగింది?

అమెరికాలో 1940ల్లో పిడుగులకు ఏటా మూడు వందల మందికి పైగా చనిపోయేవారు. ఇటీవలి ఏళ్లలో ఆ సంఖ్య ఇరవైకి అటూఇటూగా ఉంది. ఈ తగ్గుదలంతా రాడార్ల చలవే అనుకుంటే పొరపాటు. పొలాల్లో పనిచేసేవారు తగ్గిపోయారు, వైరింగు, పైపులు ఉన్న ఇళ్లు అందరికీ వచ్చాయి, మూసిన క్యాబిన్ ఉన్న ట్రాక్టర్లు వచ్చాయి. కప్పు దగ్గరైంది, హెచ్చరిక దానికి తోడైంది. బంగ్లాదేశ్ 2016లో పిడుగుపాటును ప్రకృతి విపత్తుగా ప్రకటించి, పొలాల్లో తాటిచెట్లు నాటించే పని పెట్టుకుంది. ఎత్తయిన చెట్టు పిడుగును తన మీదికి తీసుకుంటుందని ఆలోచన. తాటిచెట్టు ఆ ఎత్తుకు రావడానికి ఏళ్లకేళ్లు పడుతుంది, ఈలోగా మనిషికి కప్పు దొరకదు. రెండు అనుభవాలూ ఆశ్రయం వైపే వేలు చూపిస్తున్నాయి.

ఊళ్లో చేయగలిగింది

ఈ కోణంలో చూస్తే సీమ పంచాయతీలకు ఖరీదైన యంత్రాలేమీ అక్కర్లేదు. ఊరి చుట్టూ ఉన్న చేలు, మేత బీళ్లలో ఏవి పక్కా కప్పుకు ఐదారు వందల మీటర్ల కంటే దూరంగా ఉన్నాయో గుర్తించడం మొదటి పని. ఊరి చివరి బడి, సేవా కేంద్రం లాంటి కట్టడాలు పిడుగుల నెలల్లో సాయంత్రం దాకా తాళం లేకుండా ఉండడం రెండోది. మరీ దూరపు బీళ్లలో నాలుగు గోడల చిన్న గది కట్టి, దానికి పిడుగు రక్షక కడ్డీ పెట్టడం మూడోది. కడ్డీ రక్షణ దాని ఎత్తుకు కాస్త అటూఇటూ దూరం వరకే ఉంటుంది. ఒక్క కడ్డీతో ఎకరాలకు ఎకరాలు కాపాడతామని అమ్మేవారి మాటకు శాస్త్రీయ ఆధారం బలంగా లేదు.

కడ్డీ నుంచి దిగే తీగ ఎర్తు గుంతలో ముగుస్తుంది. బొగ్గు, ఉప్పు, తేమ ఉన్న గుంతే కరెంటును నేలలోకి తీసుకుంటుంది. సీమలో చిక్కేమిటంటే, ఏప్రిల్ నాటికి నేల పూర్తిగా ఎండిపోతుంది, పిడుగులు మొదలయ్యేదీ అప్పుడే. ఎండిన గుంత ఉన్న కడ్డీ పిడుగును పిలుస్తుంది గానీ నేలలోకి సరిగా దింపలేదు. అందుకే ఉగాది దాటకముందే సచివాలయం, బడి, సేవా కేంద్రాల ఎర్తు గుంతలను తెరిచి చూసి, నీళ్లు పోయించి, తీగ అతుకులు గట్టిగా ఉన్నాయో లేదో మెకానిక్‌తో కొలిపించాలి. ఒక ఊరికి అది ఒక పూట పని.